మిల్ పార్లమెంటులో ఉన్న మూడేళ్లు

చిరంజీవి అమ్మాయికి,

నాన్న ఆశీస్సులు. అర్థశాస్త్రం చదివినవాళ్లు చట్టసభలో అడుగుపెడితే చదువు అక్కరకు రాదనీ, పార్టీ చెప్పినప్పుడు చెయ్యెత్తడం తప్ప పని ఉండదనీ నీవు రాసిన మాటలో నిజం లేకపోలేదు. అయినా ఆ తీర్పు ఖాయం చేసుకునే ముందు ఇంగ్లండు అర్థశాస్త్రవేత్త, తత్వవేత్త జాన్ స్టూవర్ట్ మిల్ సంగతి చూడమంటాను. పాఠ్యపుస్తకాల్లో ఆయన 1848లో రాసిన రాజకీయ అర్థశాస్త్ర సూత్రాల దగ్గరే ఆగిపోతాడు. 1865 నుంచి 1868 వరకు లండన్‌లోని వెస్ట్‌మిన్‌స్టర్ నియోజకవర్గం నుంచి బ్రిటిష్ పార్లమెంటు సభ్యుడిగా ఆయన ఏం చేశాడో తెలిసినవారు తక్కువ.

మూడేళ్లకే గ్రీకు నేర్చిన బాల్యం నీకు తెలిసిందే. పదిహేడేళ్ల వయసులో ఈస్టిండియా కంపెనీ లండన్ కార్యాలయంలో చేరి, 1858లో పాలన రాణి చేతికి పోయేదాకా ముప్పై అయిదేళ్లు మన దేశానికి పంపే ఉత్తర్వుల ముసాయిదాలు రాశాడు. ఇక్కడికి మాత్రం ఒక్కసారీ రాలేదు. స్వేచ్ఛ గురించి అంతగా ఆలోచించినవాడు కంపెనీ పాలనను చివరిదాకా సమర్థించడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

1865లో కొందరు ఓటర్లు పోటీ చేయమని కోరితే, ఓట్లు అడుగుతూ తిరగననీ, ఎన్నికకు సొంత సొమ్ము ఖర్చు చేయననీ, గెలిచినా స్థానిక పనుల మీద తిరగననీ, స్త్రీలకూ పురుషులతో సమానంగా ఓటు ఉండాలన్నదే తన అభిప్రాయమనీ ముందే రాసి పంపాడు. ఇంగ్లండు శ్రామికులు ఎక్కువగా అబద్ధాలాడతారని ఆయన ఒకప్పుడు రాసిన వాక్యాన్ని ప్రత్యర్థులు అచ్చు వేయించి గోడలకెక్కించారు. శ్రామికులే నిండిన సభలో అది మీరు రాసిందేనా అని అడిగితే, రాశానని ఒక్క మాటలో ఒప్పుకున్నాడు. సభంతా చప్పట్లు కొట్టింది.

సభలో ఆయన చదువు అక్కరకు వచ్చిన సందర్భం 1866 ఏప్రిల్‌లో కనిపిస్తుంది. బ్రిటన్ సంపదకు ఆధారమైన చౌక బొగ్గు ఎల్లకాలం దొరకదని అర్థశాస్త్రవేత్త జెవన్స్ అంతకు ముందు ఏడాదే వాదించాడు. అలాగైతే సంపద చేతిలో ఉన్నప్పుడే జాతీయ రుణాన్ని తగ్గించుకోవాలి గాని, తరిగిన గనులతోపాటు అప్పునూ రాబోయే తరాలకు అప్పగించడం న్యాయం కాదని మిల్ చెప్పాడు. ఆర్థికమంత్రి గ్లాడ్‌స్టన్ మరుసటి నెల బడ్జెట్ ప్రసంగంలో ఆ వాదాన్నే ఎత్తుకున్నాడు. పుస్తకంలోని ఊహ సుమారు ఏడాదిలోనే బడ్జెట్ దాకా రావడం నీ రంగంలో ఎంత అరుదో నీకే బాగా తెలుసు.

ఆయన ఓడిపోయిన తీర్మానం మాత్రం అర్థశాస్త్రానిది కాదు. సుమారు 1500 మంది స్త్రీలు సంతకం చేసిన వినతిపత్రాన్ని 1866 జూన్‌లో సభ ముందుంచి, మరుసటి ఏడాది మే 20న, అంటే తన అరవై ఒకటో పుట్టినరోజున, ఓటుహక్కు సంస్కరణ బిల్లు స్త్రీలకూ వర్తించాలని సవరణ ప్రతిపాదించాడు. రెండు పక్షాల నుంచీ కలిపి 73 మంది బలపరిచారు, సవరణ వీగిపోయింది. బ్రిటన్‌లో స్త్రీలకు పురుషులతో సమానమైన ఓటు 1928లో గాని రాలేదు.

1865లో జమైకా తిరుగుబాటును సైనిక శాసనంతో అణచి వందల మందిని చంపించిన గవర్నర్ ఐర్‌పై హత్యానేరం మోపాలని పట్టుబట్టినందుకు ఆయనకు తిట్లతో, బెదిరింపులతో ఉత్తరాలు వచ్చాయి. 1868లో నాస్తికుడైన బ్రాడ్‌లా ఎన్నికకు పది పౌన్లు విరాళం పంపడం కూడా వెస్ట్‌మిన్‌స్టర్‌లో ఆయనకు ఎదురు తిరిగింది. అక్కడ ఆయన ఓడి, డబ్బు ధారాళంగా పెట్టిన పుస్తకాల వ్యాపారి స్మిత్ గెలిచాడు. ఆ పది పౌన్లు పంపకుండా ఉండవలసిందని నేను అనుకోను.

బొగ్గు మీద ప్రసంగం, ఓటు మీద ప్రసంగం రెండూ సభా కార్యకలాపాల నివేదికల్లో ఉన్నాయి. మొదటిది నెలలోనే మంత్రిని ఎందుకు కదిలించిందో, రెండోదానికి అరవై ఏళ్లు ఎందుకు పట్టిందో చదివి నాకు రాయి. పార్టీల మీద నీకున్న కోపం తర్వాత మాట్లాడుకుందాం.

ఆశీస్సులతో,
నాన్న