పెట్టె మీద ఆత్రేయపురం, లోపల డాల్డా

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన నెల మా అమ్మాయి అత్తవారింటికి వెళ్తూ హైవే మీద ఒక స్వీటు షాపులో పూతరేకులు కొన్నాను. పెట్టె మీద పెద్ద అక్షరాలతో 'ఆత్రేయపురం' అని ఉంది. విప్పితే డాల్డా వాసన. నోట్లో పెట్టుకోగానే కరగాల్సిన రేకు అంగిలికి అతుక్కుపోయింది. వియ్యాలవారి ముందు తల ఎత్తుకోలేకపోయాను.

మా చిన్నప్పుడు అమ్మ ఆత్రేయపురం నుంచి ఉత్త రేకులే తెప్పించేది. తడిగుడ్డతో కాస్త మెత్తబరిచి, నెయ్యి రాసి, పంచదార పొడి చల్లి ఇంట్లోనే మడిచేది. బెల్లం, జీడిపప్పు, బాదం వేసి పెట్టెల్లో పెట్టిచ్చేవి మేం తర్వాత చూశాం. లోపల వేసేవి ఎన్ని మారినా రేకు తీసే పని చేతిదే. నానబెట్టిన బియ్యం మెత్తగా రుబ్బి, పాలలా పల్చగా కలుపుతారు. బోర్లించిన కుండ లోపల ఎండు కొబ్బరాకుల మంట. పిండిలో ముంచిన గుడ్డని కుండ మీద ఒక్కసారి లాగితే క్షణాల్లో పొర ఆరుతుంది. దాన్ని చిరగకుండా తీయాలి. మంట ఎక్కువైతే మాడుతుంది, తగ్గితే లేవదు. ఆ సెగలో, పొగలో గంటల తరబడి కూర్చునేది ఎక్కువగా ఆడవాళ్లే.

2023లో ఆత్రేయపురం పూతరేకులకు జీఐ గుర్తింపు, అంటే ఆ ఊరి పేరు ఆ ప్రాంతపు సరుకుకే చెందుతుందనే భౌగోళిక గుర్తింపు, వచ్చినప్పుడు మా గోదావరి జిల్లాల్లో ఎంత సంబరపడ్డామో! 1999 నాటి జీఐ చట్టం ప్రకారం ఆ పేరు తప్పుగా వాడితే ఆరు నెలల నుంచి మూడేళ్ల దాకా జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల దాకా జరిమానా ఉన్నాయి. మరి హైవే షాపుల్లో పెట్టెలు తిప్పి చూసే అధికారి ఎవరు?

వేరే ఊళ్లో చేసేవాళ్ల పొట్ట కొట్టమని నేను అనడం లేదు. వాళ్లు పూతరేకులు అని అమ్ముకోవచ్చు, ఆత్రేయపురం అని మాత్రం రాయకూడదు. వాడింది నెయ్యో వనస్పతో, ఎప్పుడు చేశారో పెట్టె మీద కనబడేలా ఉండాలి. ఆహార భద్రత అధికారులు పండగల ముందైనా తనిఖీ చేయాలి. జీఐ కింద ఆ పేరు వాడుకునే హక్కుదారులుగా పెద్ద షాపులవాళ్లే కాదు, ఇళ్లలో రేకులు తీసే ఆడవాళ్లూ నమోదు కావాలి. వాళ్లు పని మానుకుని ఆఫీసుల చుట్టూ తిరగలేరు. కోనసీమ జిల్లా అధికారులే ఆత్రేయపురంలో శిబిరం పెట్టి, దగ్గరుండి ఆ కాగితాలు నింపించాలని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకురాలు,
రాజమహేంద్రవరం