అక్టోబరు 24 దగ్గర ఈ పేరూ వేయండి

సంపాదకులకు నమస్కారం.

పత్రికల్లో ‘చరిత్రలో ఈ రోజు’ శీర్షిక కింద అక్టోబరు 24కి ఐక్యరాజ్యసమితి దినోత్సవం తప్పకుండా ఉంటుంది. ఉండాల్సిందే. దాని కింద ఒక్క లైను జాగా అడగడానికే ఈ ఉత్తరం. 1942లో అదే రోజు మౌట్‌హౌసెన్ నాజీ శిబిరంలో అన్నా లెటెన్స్కా అనే చెక్ నటిని చంపేశారు.

ఆమె హీరోయిన్ కాదు. 1904లో పుట్టింది. నాటకాల్లో రాటుదేలి, ప్రాగ్‌లోని వినోహ్రాడీ థియేటర్ దాకా ఎదిగింది. చెక్ సినిమాకు మాటలొచ్చిన కొన్నేళ్లకు తెర మీదికీ వచ్చింది. వేసినవన్నీ చిన్నాచితకా హాస్య పాత్రలే. పోస్టర్ మీద బొమ్మ పడేంతటివి కావు.

1942 మే 27న ప్రాగ్‌లో నాజీ పాలకుడు హైడ్రిచ్ మీద దాడి జరిగింది. ఆ కథ మీద వచ్చిన ఇంగ్లిష్ సినిమాలు మనవాళ్లూ చూశారు. దాడి చేసిన వాళ్లలో గాయపడిన యాన్ కుబిష్‌కు లిచ్కా అనే డాక్టరు వైద్యం చేశాడు. గెస్టపో (నాజీల రహస్య పోలీసులు) వెతుకులాటలో డాక్టరు భార్యకు దిక్కులేకుండా పోతే లెటెన్స్కా భర్త సాయపడ్డాడు. దాంతో ఈ దంపతుల మీదా పడ్డారు.

అప్పుడామె ఒటాకర్ వావ్రా తీస్తున్న ‘ప్షిద్దు హ్నెద్’ అనే కామెడీలో నటిస్తోంది. సినిమా మధ్యలో ఆగకూడదని నిర్మాతల వైపు నుంచి అడిగితే, షూటింగ్ పూర్తయ్యేదాకా గెస్టపో ఆమెను వదిలిపెట్టింది. కనికరంతో అనుకునేరు, పని కోసం. ఒకవైపు విచారణ, భర్త గతి ఏమవుతుందోనన్న టెన్షన్, ఇంకోవైపు లైట్ల ముందు నిలబడి జనాన్ని నవ్వించాలి. పని కాగానే పట్టుకెళ్లారు. మౌట్‌హౌసెన్‌లో ఎత్తు కొలుస్తామని ఒక్కొక్కరినీ నిలబెట్టి, వెనక నుంచి మెడ మీద కాల్చారు. ఆ ఒక్కరోజే 262 మంది. డాక్టరు భార్య కూడా వాళ్లలో ఉంది. లెటెన్స్కా నటించిన ఆ కామెడీ మాత్రం ఆ ఏడాది చివర్లో థియేటర్లకొచ్చింది. జనం నవ్వుకున్నారు.

ఆ కాలపు చెక్ సినిమా అనగానే ఎవరైనా నాజీ ప్రచార మంత్రి గోబెల్స్‌తో చెక్ నటి లీడా బారోవా ప్రేమాయణమే ఎత్తుకుంటారు. మసాలా ఉంది కాబట్టి రాస్తారు, చదువుతారు. బారోవాను తిట్టడం నా ఉద్దేశం కాదు, ఆమె పడ్డ కష్టాలు ఆమెకున్నాయి. కానీ పేజీ అంతా ఆ కథకే ఇచ్చి, పక్కనున్న మనిషికి నాలుగు ముక్కలైనా ఇవ్వకపోవడం న్యాయం కాదు.

మన ఫిల్మ్ క్లబ్‌లకూ ఒక మాట. చెక్ సినిమాలంటే 1960ల ‘నవతరంగం’ అనే కొత్త తరం దర్శకుల సినిమాలొక్కటే వేస్తే ఎలా? ప్రాగ్‌లో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ ఉంది, వాళ్ల పాత సినిమాల సంగతి చూసేది అదే. అడిగితే పోయేదేముంది? సబ్‌టైటిల్స్‌తో వావ్రా సినిమా దొరికితే అక్టోబరులోనే ఒక సాయంత్రం వేయండి. ముందు లెటెన్స్కా గురించి ఐదు నిమిషాలు చెప్పండి చాలు.

ఇట్లు,
ఒక పాఠకుడు, హనుమకొండ