అమ్మ మందు విషయంలో ఆదుకున్న అందరికీ

అమ్మకి కీమో అయిపోయినా అరికాళ్ల మంటలు తగ్గలేదు. దుప్పటి తగిలినా కేక పెట్టేది. రాసిన మాత్రలన్నీ వాడాం. ఇంతలో బంధువొకాయన "ఏజెన్సీ నుంచి గంజాయి తెప్పిస్తా, నూనెలో కాచి రాద్దాం" అన్నాడు. ప్రేమ కొద్దీ అన్నాడు, తప్పుపట్టను.

ముందుగా బ్రాడీపేట ప్లీడరు గారికి దణ్ణం. ఫీజు మాటెత్తితే కసిరారు. 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం (ఎన్‌డీపీఎస్) తీసి, ఇంట్లో కేజీ లోపు గంజాయి దొరికినా ఏడాది దాకా జైలు పడొచ్చన్నారు. అసలు సంగతి ఆ తర్వాత చెప్పారు. ఆ చట్టం ప్రకారం గంజాయి అంటే మొక్క పూత కొసలేనట. వాటితో కలవని ఆకు, గింజ అందులోకి రావు. ఆకు మీద పెత్తనం రాష్ట్ర ఎక్సైజ్‌ది. లైసెన్సున్న కంపెనీ ఆకుతో చేసిన ఆయుర్వేద మందు డాక్టరు చీటీ మీద కొనుక్కోవచ్చు. చీటీ, బిల్లు ఎప్పుడూ సీసాతోపాటే ఉంచమన్నారు.

ఆయుర్వేదం డాక్టరమ్మ చీటీ రాసేముందు క్యాన్సర్ డాక్టరు గారికి ఫోన్ చేశారు. ఆయన విసుక్కోలేదు సరికదా, రెండూ కలిస్తే మగత పెరుగుతుందని రాత్రి వేసే నిద్రమాత్ర తగ్గించారు. ఇద్దరికీ రుణపడి ఉంటాం. విజయవాడలో ఒక షాపువాళ్లు చీటీ చూసి, నన్ను ఎగాదిగా చూసి పంపేశారు. కంపెనీతో మాట్లాడి మందు తెప్పించిన కొత్తపేట షాపు కుర్రాడా, చల్లగా ఉండు నాయనా.

మంట పూర్తిగా పోలేదు. తగ్గినంత మందు వల్లనా, నరాలే కోలుకుంటున్నాయా అన్నది డాక్టర్లూ తేల్చలేదు. అమ్మకి నిద్ర మాత్రం పడుతోంది.

2020 డిసెంబరులో ఐక్యరాజ్యసమితి మాదకద్రవ్యాల కమిషన్ గంజాయిని అతి ప్రమాదకరమైన వాటి జాబితా నుంచి 27–25 ఓట్లతో తీసేసింది. మన దేశం తీసేయమనే ఓటేసింది. మన చట్టంలోనూ వైద్య, శాస్త్రీయ అవసరాలకు మినహాయింపు ఉంది. జమ్మూలో కేంద్ర ప్రభుత్వ పరిశోధన సంస్థ సీఎస్‌ఐఆర్ వాళ్లు ఈ మొక్క మీద పరిశోధన చేస్తున్నారు. మరి మన పెద్దాసుపత్రుల్లో పరీక్షలు జరిపి, పనిచేస్తుందో లేదో తేల్చడానికి అడ్డేమిటి? పోలీసులు దొంగ సరుకు పట్టుకోవాల్సిందే, పట్టుకోనీండి. నొప్పితో ఉన్నవాళ్లని ఆ లెక్కలో కలపొద్దనే నా గొడవంతా.

ఎవరింట్లోనైనా ఇలాంటి బాధ ఉంటే, ఎవరిని కలవాలో, ఏ కాగితాలు దగ్గర పెట్టుకోవాలో చెప్తాను. మందు మాత్రం అడగొద్దు, ఇవ్వను. అది అమ్మ పేరున రాసింది.