కరాచీ దాకా వెళ్ళొచ్చాను, మండలాఫీసు దాటలేకపోతున్నాను: మంత్రిగారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన రెవెన్యూ మంత్రిగారికి నమస్కారం.

పాత అర్జీల నకళ్ళు ఈసారి జతచేయడం లేదు. జతచేసినవన్నీ జతగానే మాయమవుతున్నాయి. అందుకే నలుగురి కళ్ళపడేలా రాస్తున్నాను, తప్పయితే మన్నించండి.

సంగతి మీకు కొత్తేం కాదు. మాజీ సైనికుడి కోటాలో ప్రభుత్వం ఇచ్చిన భూమి, అమ్ముకోకూడదన్న పదేళ్ళ గడువు ఏనాడో దాటింది, 22ఎ జాబితాలోంచి (రిజిస్ట్రేషన్ నిషేధించిన భూముల జాబితా) తీయాలి, ఎన్‌ఓసీ (అమ్ముకోవడానికి అభ్యంతరం లేదన్న కాగితం) ఇవ్వాలి. ఆ పదేళ్ళ తర్వాత అమ్ముకోవచ్చన్న 1993 నాటి 1117 జీవో గురించి మీకు నేను చెప్పబోతే తాతకు దగ్గులు నేర్పినట్టే. 1989లో నాకు డి-పట్టా (ప్రభుత్వ భూమి కేటాయించిన పత్రం) ఇచ్చారు, 4 ఎకరాల 60 సెంట్ల మెట్ట. రికార్డులన్నీ ఆన్‌లైన్ చేసినప్పుడు ఎవరో పుణ్యాత్ముడు దాన్ని నిషేధిత జాబితాలోకి నెట్టాడు. నెట్టడానికి ఒక్క మీట నొక్కితే సరిపోయింది. తీయించడానికి ఆరేళ్ళుగా తిరుగుతున్నాను.

మొదటి కొర్రీ: అసైన్‌మెంట్ (భూమి కేటాయింపు) ఫైలు రికార్డు రూములో దొరకడం లేదట. అది లేకపోతే నాకు మాజీ సైనికుడని ఇచ్చారో, భూమిలేని పేదవాడని ఇచ్చారో తేలదట. పట్టా మీద అప్పటి ఎమ్మార్వోగారు ఆకుపచ్చ సిరాతో ‘ఎక్స్ సర్వీస్‌మన్’ అని స్వహస్తాలతో రాశారు, కింద సంతకం, పక్కన ముద్ర. వేలు పెట్టి చూపించాను. గుమాస్తాగారు కళ్ళజోడు పైకి తోసుకుని, వెలుతురుకు పట్టి చూసి, "ఈ చేతిరాత ఆయనదేనని ఎవరు చెప్పాలండీ?" అన్నారు. ఆయన చనిపోయి చాలాకాలమైంది. నేనెవర్ని తీసుకురాను?

రెండో కొర్రీ: నేను సైనికుణ్ణేనా అని. డిశ్చార్జి బుక్కు ముందు పెట్టాను. "ఇది నేవీ కదండీ, జీవోలో సైనికులు అనుంది" అన్నారు. నవ్వొచ్చింది, తర్వాత ఏడుపొచ్చింది. సైనిక సంక్షేమ కార్యాలయం నుంచి లెటర్ తెచ్చిస్తే, అది ఫైల్లో చేరడానికి నాలుగు నెలలు పట్టింది.

మూడో కొర్రీ దగ్గర మాత్రం నాకు ఓపిక చచ్చిపోయింది. యుద్ధంలో పాల్గొన్నట్టు ఆధారం కావాలట. అసలు జీవోలో ఆ షరతు ఎక్కడుందో చూపించమంటే, పైవాళ్ళు అడుగుతారని సమాధానం. పోనీలే అని 1971 యుద్ధానికి ఇచ్చిన పశ్చిమీ స్టార్, సంగ్రామ్ మెడల్ చేతిరుమాల్లో చుట్టుకుని తీసుకెళ్ళాను. అక్కడున్న కుర్రాడు మెడల్ తిప్పి చూసి, "స్పోర్ట్స్‌లో ఇచ్చారా తాతగారూ?" అని అడిగాడు. వాణ్ణి తప్పుపట్టను. వాడు పుట్టకముందు సంగతి. కానీ ఆ వెనక కుర్చీలో ఉన్నాయన అన్నమాట మాత్రం తట్టుకోలేకపోయాను. "కరాచీలో మీరున్నట్టు అక్కణ్ణుంచి ఏమైనా కాగితం ఉందా?"

అయ్యా మంత్రిగారూ, కరాచీ వాళ్ళు మాకు కాగితం ఇచ్చే పరిస్థితిలో లేరు ఆ రాత్రి.

1971 డిసెంబరు 4, పాకిస్తాన్‌తో యుద్ధంలో మన నౌకాదళం కరాచీ మీద దాడి చేసిన రాత్రి గురించి మీరు నౌకాదళ దినోత్సవం వేదికల మీద చాలాసార్లు విని ఉంటారు. నేను విన్నది ఇంజన్ గదిలోంచి. ఐఎన్ఎస్ కిల్తాన్ అనే యుద్ధనౌకలో మెకానిక్‌ని, అప్పటికి ఇరవై రెండేళ్ళు. మా కెప్టెన్ కమాండర్ గోపాల్ రావుగారు. మేమూ, కచ్చల్ అనే ఇంకో ఓడా తోడు రాగా నిపాత్, నిర్ఘాత్, వీర్ అనే మూడు క్షిపణి పడవలు కరాచీ మీదికి వెళ్ళాయి. దాడి మొత్తానికి నాయకుడు బబ్రూ భాన్ యాదవ్‌గారు, నిపాత్‌లో ఉన్నారు. ఆ పడవలు రేవు కాపలా కోసం రష్యా నుంచి కొన్నవి. ఒక్కోదానికి నాలుగు క్షిపణులు, దెబ్బ బలంగానే ఉంటుంది, ట్యాంకులో నూనె మాత్రం ఎక్కువ దూరానికి రాదు. అలాంటి వాటిని శత్రువు గుమ్మం దాకా తీసుకెళ్ళొచ్చని ఎవరూ అనుకోరు. అనుకోరు కాబట్టే వెళ్ళాం. నూనె నింపడానికి పోషక్ అనే ట్యాంకర్ కూడా వచ్చింది.

పగలంతా వాళ్ళ విమానాలకు అందని దూరంలో ఉన్నాం. చీకటి పడ్డాక ఉత్తరం వైపు తిరిగాం. రష్యాలో శిక్షణ అయినవాళ్ళు వైర్‌లెస్‌లో రష్యన్‌లోనే మాట్లాడుకునేవారు, ఎవరైనా చెవి ఒగ్గి విన్నా మనవాళ్ళని తెలియకుండా. కింద మాకు అవేవీ తెలియవు. ఇంజన్ గదిలో ఉన్నవాడికి యుద్ధం కనపడదు. వేడి, నూనె కంపు, పక్కవాడు చెవిలో అరిచినా వినపడని మోత. పైనుంచి వేగం పెంచమంటే పెంచడం, తగ్గించమంటే తగ్గించడం. ఎందుకని అడిగే తీరిక ఎవరికీ ఉండదు. రాత్రి పదకొండింటికి అటూఇటూగా నిర్ఘాత్ వదిలిన క్షిపణులు ఖైబర్ అనే పాకిస్తాన్ యుద్ధనౌకని కొట్టాయి. వాళ్ళు ఆఖరి దాకా విమానాలు వచ్చి కొట్టాయనే అనుకున్నారు. వీనస్ చాలెంజర్ అనే సరుకు ఓడ పోయింది, ముహాఫిజ్ అనే మైన్‌స్వీపర్ (సముద్రంలో మందుపాతరలు ఏరే ఓడ) పోయింది. నిపాత్ కరాచీ రేవులోని కెమారీ చమురు ట్యాంకుల వైపు గురిపెట్టింది. ఆపైన అందరం వెనక్కి. మావైపు ఒక్కడికి గీత కూడా పడలేదు.

ఇది గొప్పకి రాయడం లేదు. ఖైబర్‌కి తగిలిన మొదటి దెబ్బతోనే బాయిలర్ గది పేలిందని తర్వాత విన్నాను. బాయిలర్ గదిలో ఎవరుంటారు? నాలాంటి కుర్రాళ్ళే. చాలా రోజులు అన్నం సయించలేదు. అయిదు రోజులకి, డిసెంబరు 9న, డయ్యూ దగ్గర మన యుద్ధనౌక ఖుక్రీని వాళ్ళ జలాంతర్గామి ముంచింది. 18 మంది ఆఫీసర్లు, 176 మంది నావికులు పోయారు. దాని కెప్టెన్ ముల్లాగారు ఓడతోపాటే ఉండిపోయారు. నా బ్యాచ్‌వాడొకడు అందులో పోయాడు. వాడికైతే ఎవరూ ఆధారం అడగరు.

ఇంకో సంగతి కూడా చెప్పాలి. మా దాడి తర్వాత కరాచీలో ఎంత గాభరా పుట్టిందంటే, డిసెంబరు 6న వాళ్ళ విమానాలే వాళ్ళ యుద్ధనౌక జుల్ఫికర్‌ని భారత క్షిపణి పడవ అనుకుని కాల్చాయి. గాభరాలో సొంతవాణ్ణి గుర్తుపట్టలేకపోయారంటే అర్థం చేసుకోవచ్చు. మన ఆఫీసులో ఏ గాభరా లేదు, ఫ్యాను కింద నింపాదిగా కూర్చునే ఉంటారు. అయినా సొంతవాణ్ణే కొడుతున్నారు.

ఆ మూడు కొర్రీలూ తీరాయనుకుంటే నాలుగోది పుట్టింది. నేను భూమి స్వాధీనంలో లేనట్టు నివేదిక. సర్వేయర్‌గారు పొలం చూడటానికి వచ్చారట, నేను అక్కడ లేనట. ఏ రోజు వచ్చారో రాయలేదు. ఆ రోజు నేను ఎక్కడున్నానో నేను చెప్పగలను, ఆయన ఆఫీసు వరండాలోనే ఉండి ఉంటాను, ఆయన కోసమే. నేను పాతిన జీడిమామిడి మొక్కలు ఇప్పుడు మానులయ్యాయి, వాటినైనా అడగాల్సింది. మళ్ళీ సర్వే చేయించమని చలానా కట్టాను. గొలుసు లేదన్నారు, గొలుసు వచ్చాక మనిషి లేడన్నారు, మనిషి వచ్చాక ఎఫ్‌ఎంబీ (పొలం కొలతల పటం) చిరిగిపోయిందన్నారు. చిరిగింది నిజమే, నేనూ చూశాను. సరిగ్గా నా సర్వే నంబరు ఉన్న మూలే ఎలుకలు కొట్టాయి. వాటికి కూడా పైనుంచి ఆదేశాలున్నాయేమో.

నిరుడు మీ పర్యటనలో ఒక కాగితం మీ చేతికే ఇచ్చాను. మీకు గుర్తుండదు, వందమంది ఇచ్చారు. మీరు నా భుజం మీద చెయ్యి వేసి, పక్కనున్న అధికారితో, "పెద్దాయన పని నెలలో అయిపోవాలి" అన్నారు. ఆ అధికారి తల ఊపారు, రాసుకున్నారు కూడా. ఇంటికెళ్ళి మా ఆవిడకి చెబితే, చాలా రోజుల తర్వాత నవ్వింది. నెల అయింది. పన్నెండు నెలలయ్యాయి. ఈలోపు ఆ అధికారికి బదిలీ అయింది, ఆయన రాసుకున్న పుస్తకం కూడా ఆయనతోనే వెళ్ళినట్టుంది.

భూమి అమ్ముకోవడం దేనికని అడిగేవాళ్ళున్నారు. మా ఆవిడకి వారానికి రెండుసార్లు డయాలసిస్. వైద్యం ఉచితమే, కాదనను. కానీ పట్నం వెళ్ళి రావడం, తోడు మనిషి, మందులు, ఇంట్లో మనిషి లేచి నిలబడలేకపోవడం, ఇవన్నీ ఏ కార్డులోనూ రావు. పిల్లల మీద పడదామంటే వాళ్ళ బతుకులే అంతంతమాత్రం. నా పేరు మీద ఆస్తి ఉంది, నా చేతిలో రూపాయి లేదు. జాబితాలో ఆ సర్వే నంబరు ఉన్నన్నాళ్ళూ కొనేవాడు గుమ్మం ఎక్కడు, బ్యాంకువాడు మొహం చూడడు.

నేనేం అడుగుతున్నానో నాకే ఒక్కోసారి కలగాపులగమైపోతోంది. జాబితాలోంచి తీయండి. తీయడం కుదరకపోతే ఎందుకు కుదరదో ఒక్క కాగితం మీద సంతకం పెట్టి ఇవ్వండి, కోర్టుకో ఇంకెక్కడికో పోతాను. అదీ కుదరకపోతే ఫైలు ఎక్కడుందో చెప్పండి. దీపాలార్పుకుని వెళ్ళిన ఓడలైనా ఎక్కడున్నాయో ఎవరో ఒకరికి తెలిసేది. నా ఫైలు ఎక్కడుందో ఎవరికీ తెలియదు. తహసీల్దారుగారు ఆర్డీవో ఆఫీసులో అంటారు, ఆర్డీవో ఆఫీసులో కలెక్టరేట్ అంటారు, కలెక్టరేట్‌లో కింద నుంచి రాలేదంటారు.

ఏటా డిసెంబరు 4కి శాలువా కప్పడానికి పిలుస్తారు. ఇంట్లో అయిదున్నాయి. ఈసారి పిలిస్తే శాలువా బదులు ఎన్‌ఓసీ కప్పమని చెబుదామనుకుంటున్నాను. వేళాకోళం అనుకోకండి, అంతకంటే ఏం చెయ్యాలో తోచక అంటున్నాను.

వచ్చే సోమవారం గ్రీవెన్స్‌కి మళ్ళీ వస్తున్నాను. పొద్దున్నే మొదటి బస్సుకి బయలుదేరితే టోకెన్ పదిలోపు దొరుకుతుంది. మంగళవారం, శుక్రవారం మాత్రం రాలేను, ఆసుపత్రి రోజులు. పిలవదలచుకుంటే ఆ రెండూ తప్పించి ఏ రోజైనా పిలవండి.

ఇట్లు,
మీ విధేయుడు,
ఒక మాజీ నావికుడు