కరెంట్ తిరిగొచ్చాక లేవని గేమ్ బాక్సులు: తప్పు చాలాసార్లు బాక్సుది కాదు

ఎడిటర్ గారికి నమస్కారం.

గాలివాన కొట్టి కరెంట్ పోయి మళ్లీ వచ్చిన ప్రతిసారీ మా షాపుకి ఒకే రకం కేసులు వస్తుంటాయి. ప్లేస్టేషన్ 4 (పీఎస్4), పీఎస్5, ఎక్స్‌బాక్స్, టీవీకి పెట్టి వీడియో గేములు ఆడే బాక్సు ఏదైనా సరే మాట మాత్రం ఒకటే, "నిన్నటిదాకా బాగానే ఆడింది, కరెంట్ వచ్చాక లేవట్లేదు" అని. నేను పర్లాకిమిడిలో టీవీలు, సెట్‌టాప్ బాక్సులు, ఇన్వర్టర్లు రిపేర్ చేస్తాను, ఈమధ్య ఈ గేమ్ బాక్సులు కూడా. తుఫాను ఎక్కడ తీరం దాటుతుందో ఎంత వాన పడుతుందో మీ పేపర్‌లో బాగానే వేస్తారు, కానీ కరెంట్ తిరిగొచ్చే ఆ కాసేపట్లో ఇళ్లల్లో ఏం కాలిపోతాయో ఎక్కడా రాయరు, అందుకే ఈ ఉత్తరం. కాస్త పొడుగ్గానే ఉంటుంది, వీలైతే కోయకుండా వేయండి.

లేవని బాక్సంటే చచ్చిపోయిన బాక్సు కాదు, ముందు ఈ మాట ఇంట్లో పెద్దవాళ్లు నమ్మాలి. పిల్లాడేదో పాడుచేశాడని వాణ్ణి తిట్టడం, లేకపోతే ఎవరో "బోర్డు పోయింది, పార్టులకి ఇచ్చేయండి" అంటే సగానికి సగం ధరకి వదిలేయడం, ఇదే జరుగుతోంది మా ఊళ్లో. ఆ రెండూ చేసేముందు ప్లగ్గు ఎక్స్‌టెన్షన్ బాక్స్‌లోంచి పీకి నేరుగా గోడ సాకెట్‌లో పెట్టండి, అంతకన్నా ముందు అదే సాకెట్‌లో ఫోన్ ఛార్జర్ పెట్టి చూడండి కరెంట్ అసలు వస్తోందో లేదో. ఇది చెప్తే కొందరికి చిన్నతనంగా ఉంటుంది గానీ ఎక్స్‌టెన్షన్ బాక్స్ పోయి గేమ్ బాక్సు బాగున్న కేసులు నేను చూస్తూనే ఉంటాను. ఇంకోటి, మామూలు పీఎస్4, దాని స్లిమ్, పీఎస్5, ఎక్స్‌బాక్స్ వన్ ఎస్, వీటన్నిటికీ వచ్చే పవర్ కార్డు, అంటే కరెంట్ వైరు, 8 అంకె ఆకారంలో ఉండే రెండు పిన్నుల కార్డే, పాత టేప్‌రికార్డర్లకి వచ్చేదే, కాబట్టి ఇంట్లోదో పక్కింట్లోదో మంచి కార్డు ఒకటి మార్చి చూడటానికి పైసా ఖర్చు లేదు.

అప్పటికీ లేవకపోతే కార్డు పూర్తిగా పీకేసి అలా వదిలేయండి. ఎక్కువ వోల్టేజ్ వచ్చినప్పుడు కొన్ని పవర్ సప్లైలు, అంటే బాక్సుకి కరెంట్ అందించే భాగాలు, తమని తాము ఆపేసుకుంటాయి, ప్లగ్గు గోడకి ఉన్నంతసేపూ అవి మళ్లీ మొదలవ్వవు. ఎక్స్‌బాక్స్ వాళ్లయితే 10 సెకన్లు పీకి పెట్టమని చెప్తారు, నింటెండో స్విచ్ అనే ఇంకో గేమ్ బాక్సుకి అడాప్టర్ రెండు వైపులా ఊడదీసి కనీసం 30 సెకన్లు ఆగమంటారు, నేను మాత్రం ఏ బాక్సుకైనా ఓ ఐదు నిమిషాలు ఆగమనే చెప్తాను, తొందరేముంది. మొట్టమొదటి ఎక్స్‌బాక్స్ వన్‌కి బయట ఇటుకంత అడాప్టర్ ఉంటుంది కదా, దానిమీద చిన్న లైట్ చూడండి. ఆరెంజ్ ఉంటే అడాప్టర్ స్టాండ్‌బైలో ఉన్నట్టు, తెల్లగా ఉంటే బాక్సు ఆన్‌లో ఉన్నట్టు, అసలు లైటే లేకపోతే గొడవ గోడ దగ్గరో అడాప్టర్‌లోనో ఉంది, బాక్సు జోలికి వెళ్లక్కర్లేదు. అలాగే ఎక్స్‌బాక్స్‌ని స్పైక్ గార్డ్‌లో పెట్టొద్దు, నేరుగా గోడకే పెట్టమని కంపెనీయే చెప్తుంది, లోపల దాని రక్షణ దానికి ఉంది కాబట్టి.

లైట్ వెలుగుతుంది, బీప్ వినిపిస్తుంది, బొమ్మ మాత్రం రాదు, ఇది ఇంకో రకం. ఇక్కడ టీవీనీ అనుమానించాలి. పిడుగు పడినప్పుడు డిష్ కేబుల్ పట్టుకుని సెట్‌టాప్ బాక్సులోకి, అక్కణ్ణుంచి టీవీలోకి, టీవీలోంచి బొమ్మ, సౌండ్ వచ్చే హెచ్‌డీఎంఐ వైరు మీదుగా గేమ్ బాక్సులోకి దెబ్బ తగలొచ్చు, ప్లగ్గు పీకేసినా డిష్ వైరు పీకకపోతే లాభం లేదని అందుకే అంటాను. టీవీలో ఇంకో హెచ్‌డీఎంఐ పోర్టు మార్చి చూడండి, వేరే టీవీకి పెట్టి చూడండి. పీఎస్4, పీఎస్5 అయితే సేఫ్ మోడ్ అని ఉంది, గొడవ వచ్చినప్పుడు సరిచేసుకునే లిస్టు అది. బాక్సు ఆఫ్‌లో ఉండగా పవర్ బటన్ నొక్కి పట్టుకుంటే ఒక బీప్ వస్తుంది, వదలకుండా అలాగే పట్టుకుంటే దాదాపు 7 సెకన్లకి రెండో బీప్ వస్తుంది, అప్పుడు వదలాలి, కంట్రోలర్‌ని వైరుతో కలపాలి, వైర్ లేకుండా అక్కడ పనిచెయ్యదు. వచ్చే లిస్టులో రెండోది బొమ్మ సెట్టింగ్ మార్చడానికి, ఐదోది రీబిల్డ్ డేటాబేస్, కరెంట్ మధ్యలో పోయి డిస్క్‌లో లెక్క తప్పినప్పుడు అది చాలాసార్లు పని చేస్తుంది, టైమ్ పట్టొచ్చు, ఆగండి. ఆరు, ఏడు మాత్రం ముట్టుకోవద్దు, అవి మొత్తం తుడిచేస్తాయి, పిల్లాడు ఎన్నాళ్లుగానో ఆడి దాచుకున్నవన్నీ పోతాయి. బాక్సు తనంతట తానే లేచి "సరిగ్గా ఆపలేదు, డిస్క్ చెక్ చేస్తున్నాను" అంటే కూడా అదయ్యేదాకా కదపొద్దు.

ఇవన్నీ చేసినా ప్రాణం లేకపోతే అప్పుడు పవర్ సప్లై దగ్గరికి రావాలి. మొన్న కాశీనగర్ నుంచి ఒకాయన వాళ్లబ్బాయి పీఎస్4ని తువ్వాల్లో చుట్టుకుని బస్సులో పట్టుకొచ్చారు. ఇంకోచోట చూపిస్తే మదర్‌బోర్డు పోయిందన్నారట. ఆ కుర్రాడు కౌంటర్ పట్టుకుని నిలబడి "మావయ్యా, సేవ్ చేసుకున్నవి ఉంటాయా పోతాయా" అని అదొక్కటే అడుగుతున్నాడు. పవర్ సప్లై విప్పగానే కాలిన వాసన గుప్పుమంది. లోపల కరెంట్ వచ్చే మూల నీలం రంగు బిళ్ల ఒకటి ఉంటుంది, ఎంఓవీ అంటాం, అది నిలువునా చీలి నల్లగా మాడిపోయి ఉంది, పక్కనే ఫ్యూజు కాలింది. వోల్టేజ్ హద్దు దాటితే ఆ బిళ్ల తనే షార్ట్ అయ్యి ఫ్యూజుని కాల్చి లోపలికి పోనివ్వకుండా ఆపుతుంది, అంటే ఇంటి ముందు కాపలా కుక్కలా దెబ్బ తను తిని ఇంటిని కాపాడింది. ఆ రెండూ మార్చి మిగతా పార్టులు మీటర్ పెట్టి చూసుకుని ఆన్ చేస్తే బాక్సు లేచింది, మదర్‌బోర్డు బాగుంది, హార్డ్ డిస్క్ బాగుంది, ఆ అబ్బాయి సేవ్‌లన్నీ అలాగే ఉన్నాయి. అయితే ఇది చదివి ఇంట్లో విప్పొద్దు, దండం పెడతాను. ప్లగ్గు పీకేశాక కూడా అందులోని పెద్ద కెపాసిటర్‌లో, అంటే కరెంట్ దాచుకునే పార్టులో, 300 వోల్టుల పైన నిలిచి ఉండొచ్చు. ఫ్యూజు బదులు రాగి తీగ చుట్టేవాళ్లని కూడా చూశాను, అది ఇంటికి నిప్పు పెట్టుకోవడమే.

ఇక అసలు విషయం. ఆ నీలం బిళ్ల ఊరికే కాలదు. ఇంట్లోకి 230 వోల్టులు రావాలి. లో వోల్టేజ్ వల్ల పోయిందని అందరూ అంటారు గానీ ఈ బాక్సులు చాలావరకు 100 నుంచి 240 దాకా తట్టుకునేలా చేసినవే, లో వోల్టేజ్ ఫ్రిజ్ కంప్రెసర్‌కి చేటు గానీ వీటికి అంతగా కాదు. వీటిని చంపేది ఎక్కువ వోల్టేజ్, అది మన వీధుల్లో ఎలా వస్తుందంటే న్యూట్రల్ వైరు, అంటే కరెంట్ తిరిగి పోయే వైరు, తెగడం వల్ల. ట్రాన్స్‌ఫార్మర్ నుంచి మూడు ఫేజులు, ఒక న్యూట్రల్ వస్తాయి, ఒక్కో ఇంటికి ఒక్కో ఫేజు, న్యూట్రల్ మాత్రం అందరికీ కలిపి ఒకటే. గాలికి కొమ్మ పడి ఆ న్యూట్రల్ తెగినా, స్తంభం మీద వైర్లని కలిపే జంపర్ ముక్క వదులైనా, కరెంట్‌కి తిరిగి పోయే దారి లేక ఒక ఫేజు ఇంట్లోంచి ఇంకో ఫేజు ఇంట్లోకి పారుతుంది, ఆ రెండు ఫేజుల మధ్య ఉండేది 400 వోల్టులు. ఎక్కువ సామాన్లు నడుస్తున్న ఇంట్లో లైట్లు మసకబారతాయి, రెండు బల్బులే వెలిగే ఇంట్లో వోల్టేజ్ 300 దాటి ఎక్కడికో పోతుంది. కరెంట్ రాగానే బల్బు కళ్లు చెదిరేలా వెలిగినా, ఫ్యాన్ ఎప్పుడూ లేనంత స్పీడుగా తిరిగినా, పక్కింట్లో మాత్రం లైట్లు డిమ్ముగా ఉన్నా అదే గుర్తు, ఏదీ ఆలోచించకుండా మెయిన్ స్విచ్ ఆపేయండి. మెయిన్ బోర్డులో తనంతట తానే పడే స్విచ్ ఎంసీబీ ఉందిగా అనుకోవద్దు, ఎంసీబీ పడేది కరెంట్ ఎక్కువ లాగినప్పుడు, వోల్టేజ్ పెరిగితే దానికి తెలీదు. న్యూట్రల్ పోయిందని కుళాయి పైపుకో ఎర్త్‌కో వైరు కలిపి లైట్లు వెలిగించుకునేవాళ్లు ఉన్నారు, ఆ పైపు ముట్టుకున్నవాళ్ల ప్రాణం పోతుంది.

గాలివాన మొదలవ్వగానే గేమ్ బాక్సు ప్లగ్గు, డిష్ వైరు రెండూ పీకేయాలి, ఆరెంజ్ లైట్‌తో రెస్ట్ మోడ్‌లో వదిలేస్తే అది ఆపినట్టు కాదు, పూర్తిగా ఆఫ్ చెయ్యాలి. కరెంట్ వచ్చాక ముందు ఒక బల్బు, ఒక ఫ్యాన్ వేసి ఓ పావుగంట చూసి అప్పుడే మిగతావి. ఇంటి మెయిన్ దగ్గర ఓవర్ వోల్టేజ్ వస్తే కట్ చేసే ప్రొటెక్టర్ పెట్టించుకోవచ్చు, దాని ఖరీదు ఒక గేమ్ డిస్క్ కన్నా ఎక్కువేం కాదు, నా షాపుకొచ్చే ప్రతి ఇంటికీ ఇదే చెప్తున్నాను.

కానీ ఇళ్లవాళ్లే ఎంతని జాగ్రత్తపడతారు. 2013లో ఫైలిన్ తుఫాను గోపాల్‌పూర్ దగ్గర, 2014లో హుద్‌హుద్ విశాఖ దగ్గర, 2018లో తిత్లీ పలాస దగ్గర తీరం దాటాయి, మూడూ అక్టోబర్ 11, 12 తేదీల్లోనే, మా గజపతి జిల్లా తిత్లీ దెబ్బ ఎలా తిన్నదో మీ పాఠకులకి గుర్తుండే ఉంటుంది. ఆ నెల వస్తోందంటే మాకు భయం. స్తంభాలెక్కి రాత్రీపగలూ పనిచేసే లైన్‌మేన్ల మీద నాకు గౌరవమే, వాళ్లని అనట్లేదు. పై ఆఫీసులకి నా విన్నపం ఏంటంటే, లైన్‌లోకి కరెంట్ వదిలేముందు ట్రాన్స్‌ఫార్మర్ దగ్గరా వీధి చివరి స్తంభం దగ్గరా న్యూట్రల్ చెక్ చేయించండి, కరెంట్ ఎప్పుడు వదులుతున్నారో ముందే మైకులో చెప్పించండి, ఒడియాతో పాటు తెలుగులోనూ. 1936లో ఒడిశా ఏర్పడినప్పటి నుంచీ ఇటు పక్కే ఉన్నాం, అయినా పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ వీధుల్లో ఇవాళ్టికీ ఎంతోమంది ముసలివాళ్లు తెలుగు తప్ప చదవలేరు, ఫోన్‌కి వచ్చే కరెంట్ మెసేజ్ వాళ్లకి ఉపయోగపడట్లేదు.

ఒకే వీధిలో ఒకే గంటలో నాలుగిళ్లల్లో సామాన్లు కాలితే అది మీ ఖర్మ అని ఊరుకోవద్దు. టైమ్ రాసిపెట్టుకోండి, కాలిన పార్టు పారేయకుండా ఉంచండి, రిపేర్ బిల్లు మీద ఏం కాలిందో రాయించుకోండి, ఇరుగుపొరుగు సంతకాలతో కంప్లైంట్ ఇచ్చి నంబర్ అడిగి తీసుకోండి. అక్కడ తేలకపోతే 2003 విద్యుత్ చట్టం 42వ సెక్షన్ కింద ప్రతి కరెంట్ కంపెనీ పెట్టాల్సిన వినియోగదారుల ఫోరం ఉంది, దానిపైన అప్పీలు వినే అధికారి, అంబుడ్స్‌మన్ ఉన్నారు. బిల్లు రాసివ్వమంటే నేను రాసిస్తాను, తోటి రిపేర్‌వాళ్లు కూడా ఇవ్వాలని అడుగుతున్నాను.

మీకు నా కోరిక ఒక్కటే. తుఫాను హెచ్చరిక వేసిన రోజు అదే పేజీలో పక్కన చిన్న బాక్స్ కట్టి "కరెంట్ వచ్చాక ఏం చూడాలి" అని నాలుగు లైన్లు తెలుగులో వేయండి, కింద జిల్లా కరెంట్ కంప్లైంట్ నంబర్ పెద్ద అక్షరాల్లో ఉండాలి. ఆ నాలుగు లైన్లు రాసిచ్చే పని నాకిచ్చినా చేస్తాను.

ఇట్లు,
ఎలక్ట్రానిక్స్ రిపేర్ షాపు నడిపే ఒక పాఠకుడు,
పర్లాకిమిడి, గజపతి జిల్లా, ఒడిశా