ఆల్‌ఫ్రెడ్ డెల్లర్‌ను కూడా పరిచయం చేయండి

సంపాదకులకు నమస్కారం.

మీ పత్రికలో సంగీతానికి కేటాయించే పేజీని మైలాపూరులోని మా ఇంట్లో అందరం శ్రద్ధగా చదువుతాము. పురుషుడై ఉండి పై స్థాయి గొంతుతో పాడిన పాశ్చాత్య ప్రాచీన సంగీత గాయకుడు ఆల్‌ఫ్రెడ్ డెల్లర్ గురించి కూడా ఒక వ్యాసం ప్రచురించవలసిందిగా మనవి.

1912లో ఇంగ్లండులోని మార్గేట్‌లో జన్మించిన ఆయన క్యాంటర్‌బరీ కెథీడ్రల్ గాయక బృందంలో పాడుతుండగా, స్వరకర్త మైకేల్ టిపెట్ ఆ కంఠాన్ని గుర్తించి, పదిహేడో శతాబ్దపు ఆంగ్ల స్వరకర్త పర్సెల్ రచనలకు తగిన గొంతు ఇదేనని లోకానికి చూపారు. 1946లో బీబీసీ వారి థర్డ్ ప్రోగ్రామ్ అనే రేడియో కేంద్రం ప్రారంభ ప్రసారంలో ఆయన పాడారు. 1960లో స్వరకర్త బెంజమిన్ బ్రిటెన్ ‘ఎ మిడ్‌సమ్మర్ నైట్స్ డ్రీమ్’ అనే తన ఆపెరాలో (సంగీత నాటకంలో) ఓబెరాన్ పాత్రను ఆయన కోసమే రచించారు.

పురుషుడు పై స్థాయిలో పాడితే తమిళులు కళ్ళకురల్ అనీ మనం దొంగగొంతు అనీ తేలిక చేస్తాము. డెల్లర్ మాత్రం ఆ స్వరంలోనే మాటల అర్థాన్ని, విరుపును, నిశ్శబ్దాన్ని ఎంత నిజాయితీగా పలికించారో వింటే ఆ తేలికభావం నిలవదు. స్థానం నరసింహారావు గారి స్త్రీ పాత్రలను ఆదరించిన మన వారికి ఇది మరీ కొత్త కాకపోవచ్చు, అయితే డెల్లర్ స్త్రీని అనుకరించలేదు, గడ్డంతోనే వేదికపై నిలబడి పాడారు.

1979లో ఇటలీలోని బొలోన్యాలో ఆయన మరణించారు. రికార్డింగులు నేటికీ దొరుకుతున్నాయి; వ్యాసంతో పాటు వినదగిన వాటి జాబితా కూడా ఇస్తే సంగీతం నేర్చుకుంటున్న మా పిల్లలకు ఉపయోగపడుతుంది.

— ఒక పాఠకుడు, మైలాపూరు, చెన్నై