తుమ్మలన్నీ ఒకటి కాదు సార్

సంపాదకులకు నమస్కారం. చెరువు కట్ట మీద కంప, అంటే సర్కారు తుమ్మ, తీసేశారని పోయిన వారం మీ జిల్లా పేజీలో వార్త వేశారు, జేసీబీ ముందు అందరూ వరుసగా నిలబడిన ఫోటోతో సహా. అప్పుడే రాద్దామనుకున్నా గానీ చేను పనుల్లో పడి కుదర్లేదు.

ఆ ఫోటోలో జేసీబీ కింద పడున్నది సర్కారు తుమ్మ కాదు, నల్లతుమ్మ. కాయ చూడండి, పూసల దండలాగా గింజ గింజకీ మధ్య నొక్కు ఉంటుంది. పువ్వు గుండ్రంగా పచ్చటి బంతిలా ఉంటుంది. సర్కారు తుమ్మకైతే పువ్వు పొడుగ్గా కంకిలా వస్తుంది. మేకలు కాసే పిల్లోడికి తెలిసిన ఈ తేడా, ఎస్టిమేటు వేసిన ఇంజినీరుకీ తెలియలేదు, ఫోటో కింద రాసిన మీవాళ్లకీ తెలియలేదు.

కంప కొట్టొద్దని నేననడం లేదు, శుభ్రంగా కొట్టండి. ఎక్కడో అమెరికా ఖండాల మొక్క, 1877లో మన కడప జిల్లా కమలాపురంలోనే తెచ్చి నాటారు. తెచ్చిందెవరో పేరులోనే ఉంది. కానీ అలుగు పక్కనున్న ఆ అసలు కంపను పైపైన గొరిగి వదిలేశారు, ఒక్క వాన పడితే మొదట్లోంచి మళ్లీ లేస్తుంది, అప్పుడు మళ్లీ ఇంకో బిల్లు. నల్లతుమ్మ మొద్దులు మాత్రం ట్రాక్టరెక్కి ఎటు పోయాయో ఎవర్నడిగినా చెప్పరు!

మా నాయన నాగలి, బండి చక్రాలు అన్నీ ఈ తుమ్మవే. పొద్దున పళ్లు తోమే పుల్ల, తోలు ఊనే చెక్క, ఎండాకాలం మేకలకు కాయలు, ఇవన్నీ ఇచ్చిన చెట్టది. మొన్న కట్ట మీదికెళ్తే మిగిలిపోయిన ఒక మొద్దుకి బంక ఇంకా ఎర్రగా అంటుకునే ఉంది, పిల్లలు గోళ్లతో గిల్లుకుంటున్నారు.

మన అనంతపురంలో వాన చాలా తక్కువ అని ప్రతి మీటింగులో మైకు పట్టుకుని చెబుతారు కదా, మరి చుక్క నీళ్లు పోయకపోయినా బతికే చెట్టును పీకేసి, ట్యాంకర్లతో తడపాల్సిన మొక్కలు నాటడమేంటో. రోడ్ల మధ్య కోనోకార్పస్ కూడా ఇలాగే పెట్టారు, తర్వాత అది మంచిది కాదని వాళ్లే కొట్టేశారు. రెండు ఖర్చులూ మనవే. ఆఖరికి అకేసియా అనే శాస్త్రీయ నామాన్ని కూడా 2005లో ఆస్ట్రేలియా తుమ్మలకే ఉంచేసి మన తుమ్మకు వేరే పేరు అంటగట్టారు, దాన్ని అడిగేవాడెవడు?

సవరణ వేసేటట్టయితే ఎక్కడో అడుగున రెండు లైన్లు కాదు, అదే ఫోటో మళ్లీ వేసి, కొట్టింది నల్లతుమ్మ అని రాయండి.

- ఒక రైతు, అనంతపురం జిల్లా